అమ్మానాన్నలకి బాంగ్‌కాక్‌లో హాఫ్ డే టూర్: ఏది తీసుకోవాలి?

ఆన్ నుట్ నుంచి, కొత్తగా వచ్చినవాడిని:

అందరికీ నమస్కారం. నేను బాంగ్‌కాక్ వచ్చి నాలుగు నెలలైంది. ఆన్ నుట్ దగ్గర కాండోలో ఉంటున్నాను. వచ్చే నెల అమ్మానాన్నలు తెనాలి నుంచి వస్తున్నారు. వాళ్ళకిదే మొదటి విదేశీ ప్రయాణం. నాన్నకి 67, షుగరు ఉంది. అమ్మకి మోకాళ్ళ నొప్పులు. నాకు దొరికేది శనివారం ఒక్కటే. ఆన్‌లైన్‌లో హాఫ్ డే టెంపుల్ టూర్లని చాలా కనిపిస్తున్నాయి. ఒకటి మరీ చవక, ఇంకొకటి దానికి నాలుగింతలు. తేడా ఏమిటో తెలియట్లేదు. గ్రూపు టూర్ సరిపోతుందా, విడిగా గైడుని పెట్టుకోవాలా? తెలుగు వచ్చిన గైడు ఎవరైనా ఉన్నారా? చెప్పగలరు.

బాంగ్ నా నుంచి, 14 ఏళ్ళుగా ఇక్కడే:

తమ్ముడూ, చవక టూర్ మాత్రం తీసుకోకు. 2017లో మా అత్తమామలు వచ్చినప్పుడు నేను చేసిన పొరపాటు నువ్వు చేయకూడదని ఇంత రాస్తున్నాను.

వ్యాన్ 7:30కి వస్తుందన్నారు, 8:10కి వచ్చింది. మేం ఎక్కాక ఇంకో ఐదు హోటళ్ళు తిరిగి మనుషుల్ని ఎక్కించుకునేసరికి తొమ్మిదిన్నర. మొదట వాట్ ట్రైమిట్‌కి తీసుకెళ్ళారు (వాట్ అంటే ఇక్కడ గుడి). అక్కడున్నది ఐదున్నర టన్నుల బంగారు బుద్ధుడు. చాలా కాలం పైన గచ్చు పూతతో మామూలు విగ్రహంలా ఉండిపోయింది. 1955లో కొత్త చోటికి మారుస్తుంటే జారిపడి, పెచ్చు ఊడి, లోపల బంగారం బయటపడింది. ఎంత గొప్ప కథ! అది మామగారికి నేను రాత్రి ఇంటికొచ్చాక చెప్పాల్సి వచ్చింది. గైడు ఇచ్చిన 20 నిమిషాల్లో మెట్లెక్కడానికీ చెప్పులు విప్పడానికే సగం పోయింది మరి. తర్వాత పాలరాతి గుడి, 15 నిమిషాలు. ఆ తర్వాత నగల ఫ్యాక్టరీ ఉచితంగా చూపిస్తామని ఒక పెద్ద షాపులో దింపారు. గంటా పావు! అత్తయ్యగారి వేలికి కెంపుటుంగరం తొడిగి, తీయనివ్వకుండా పక్కనే ఇద్దరు నిలబడ్డారు. మామగారు పొద్దున ఆరింటికి తిన్న రెండిడ్లీల మీద ఉన్నారు. పదకొండున్నరకి ఒళ్ళంతా చెమటలు, చేతులు వణుకు. షుగరు పడిపోయింది. గైడు బయట ఫోన్ చూసుకుంటున్నాడు. ఆరెంజ్ జ్యూస్ తెచ్చి, కుర్చీ వేసి కూర్చోబెట్టింది ఆ షాపులో పనిచేసే పిల్లే. ఆ అమ్మాయిని మా ఇంట్లో ఇప్పటికీ తలుచుకుంటాం.

గ్రాండ్ ప్యాలెస్ అంటారా, వ్యాన్‌లోంచి తెల్లగోడ చూపించారు. ఇంటికొచ్చి చూస్తే ప్రోగ్రాంలో చిన్న అక్షరాలతో ‘పాస్ బై’ అని ఉంది, అంటే లోపలికి వెళ్ళకుండా పక్కనుంచి పోవడమే.

అందుకే ముందు లెక్క వేసుకో. గ్రాండ్ ప్యాలెస్ టికెట్ విదేశీయులకి 500 బాత్, వాట్ ఫో 300, వాట్ అరుణ్ 200. మనిషికి వెయ్యి బాత్ గుమ్మాల దగ్గరే పోతుంది. అంతకంటే తక్కువకి మూడూ చూపిస్తామన్నారంటే టికెట్లు నీ నెత్తినే వేస్తారు, లేదా షాపు కమీషన్ మీద బతుకుతున్నారు. బుక్ చేసే ముందు రెండు ముక్కలు మెసేజ్‌లో రాయించుకో: ఎంట్రీ టికెట్లు కలిపే, షాపింగ్ స్టాప్ లేదు. రాసివ్వకపోతే వదిలేయ్.

సిలోమ్ నుంచి, 11 ఏళ్ళు:

పై అన్నయ్యగారు చెప్పినదంతా నిజం. నువ్వు అడగని సంగతి చెప్తున్నాను, ఏమీ అనుకోకు బాబూ.

మనవాళ్ళు గ్రాండ్ ప్యాలెస్‌కి వెళ్ళి, బంగారు స్తూపం ముందు ఫోటో దిగి, మరకత బుద్ధుడికి దణ్ణం పెట్టుకుని వచ్చేస్తారు. ఆ గుడి చుట్టూ ఉన్న వసారా గోడల నిండా రామాయణం ఉందని చాలామందికి తెలియదు. 178 ఘట్టాలు, అన్నీ వరసగా బొమ్మలే. ఇక్కడ రామకియెన్ అంటారు. మొదటి బొమ్మలోనే జనక మహారాజుకి నాగటిచాలులో పసిపాప దొరుకుతుంది. అక్కడ మొదలుపెట్టి కుడివైపుగా నడుచుకుంటూ వెళ్ళాలి. పైన కప్పు ఉంటుంది, కింద నున్నటి గచ్చు. మీ అమ్మగారి మోకాళ్ళకి ఎండలో మెట్లెక్కడం కంటే అదే హాయి.

మా అమ్మ 2019లో వచ్చింది. మేం పెట్టుకున్న గైడు అరవై ఏళ్ళ పెద్దావిడ. హనుమంతుడు, జలకన్య ఉన్న బొమ్మ దగ్గర ఆగి, ఈమె రావణుడి కూతురు సువన్నమచ్చ, హనుమంతుడి భార్య అని చెప్పింది. నేను అది తెలుగులో చెప్పగానే అమ్మ మొహం మారిపోయింది. ఆంజనేయస్వామికి పెళ్ళేమిటి, పద పోదాం అంది. గైడుకి విషయం అర్థమై చేతులు జోడించి, మీ హనుమంతుడు అలా కాదని నాకు తెలుసమ్మా, మా కథలో వాళ్ళకి మచ్చాను అని ఒక కొడుకు కూడా ఉన్నాడు, చేప తోక ఉంటుంది అంది. అమ్మ అక్కడే ఆగిపోయింది. “మత్స్యవల్లభుడు కదూ! మైరావణుడి కథలో వచ్చేవాడు. స్వామి చెమట చుక్క చేప మింగితే పుట్టాడు” అంది. మైరావణుణ్ణి వీళ్ళు మైయరాప్ అంటారు. రాముణ్ణి ఎత్తుకుపోకుండా హనుమంతుడు కొండంత పెరిగి రాముడి విడిదినే నోట్లో పెట్టుకుని కాపలా కాసే బొమ్మ కూడా అక్కడుంది. అమ్మకి చిన్నప్పుడు వాళ్ళ నాయనమ్మ చెప్పిన కథ. ఇద్దరు పెద్దవాళ్ళూ మధ్యలో నన్ను పెట్టుకుని ముప్పావుగంట ఒకరి కథ ఒకరికి చెప్పుకున్నారు.

గైడుని పెట్టుకోమనేది ఇందుకే. తెలుగు రాకపోయినా ఫరవాలేదు, నువ్వున్నావుగా. రామకియెన్ బాగా తెలిసిన మనిషి కావాలని ఏజెన్సీని అడుగు.

రామా 9 నుంచి:

అక్కా, మీ మాట కాదనడం లేదు కానీ గైడుకి అంత డబ్బు ఎందుకు? ఆన్ నుట్‌లో బీటీఎస్ స్కైట్రెయిన్ ఎక్కి అసోక్‌లో దిగి, ఎంఆర్‌టీ మెట్రో బ్లూ లైన్ పట్టుకుంటే సనామ్ చాయ్ స్టేషన్. స్టేషన్ బయటికొస్తే వాట్ ఫో నాలుగడుగులు. ఏసీలో వెళ్ళొచ్చు. అక్కడ 46 మీటర్ల శయన బుద్ధుడు, అరికాళ్ళ మీద ముత్యపు చిప్పతో పొదిగిన 108 మంగళ చిహ్నాలు. విగ్రహం వెనక వరసగా 108 కంచు గిన్నెలుంటాయి. చిల్లర తీసుకుని ఒక్కో గిన్నెలో ఒక్కో నాణెం వేస్తూ వెళ్తారు. మా నాన్నగారు 108 అనగానే అష్టోత్తరం చదువుతూ వేశారు. దానికి గైడు ఏం కావాలి? పక్కనే థా టియన్ రేవు, ఐదు బాత్‌లకి పడవలో దాటిస్తే వాట్ అరుణ్.

ఒక్క జాగ్రత్త. గ్రాండ్ ప్యాలెస్ గోడ పక్కన నడుస్తుంటే శుభ్రంగా ఇస్త్రీ బట్టలేసుకున్న మనిషి వచ్చి, ఈ రోజు పూజ ఉంది, ఒంటిగంట దాకా మూసేశారు, ఈలోపు ఇరవై బాత్‌లకి టుక్‌టుక్‌వాడు వేరే గుళ్ళు చూపిస్తాడు అంటాడు. నమ్మొద్దు. తిన్నగా గేటు దాకా వెళ్ళి మీ కళ్ళతో చూడండి. పొద్దున 8:30కి తెరుస్తారు, మధ్యాహ్నం 3:30 దాకా టికెట్లిస్తారు. ఎవరైనా మరీ ఇబ్బంది పెడితే టూరిస్ట్ పోలీసు నంబరు 1155, ఇంగ్లిష్‌లో మాట్లాడతారు.

సిలోమ్ నుంచి:

తమ్ముడూ, మీ నాన్నగారు నడవగలరు కాబట్టి అలా కుదిరింది. పడవ ఊగుతుంటే రేవు మీదికి కాలు వేయడం మోకాళ్ళ నొప్పులున్న మనిషికి ఎంత భయమో నేను చూశాను. మూడూ ఒక పూటలో పెట్టకు బాబూ. ప్యాలెస్, వాట్ ఫో చాలు. వాట్ అరుణ్ మెట్లు నిటారుగా ఉంటాయి. సాయంత్రం ఇవతలి ఒడ్డు నుంచి చూపించు, దీపాలు వెలిగాక ఇంకా బాగుంటుంది.

రాంగ్‌సిట్ నుంచి:

తెలుగు గైడు కావాలంటే చెప్పండి. నాకు తెలిసిన మన కుర్రాడున్నాడు, ఇక్కడ చదువుకుంటున్నాడు. శని, ఆదివారాలు మనవాళ్ళని తిప్పి చూపిస్తాడు. మామూలు గైడుకిచ్చే దాంట్లో సగమిస్తే చాలు.

బాంగ్ నా నుంచి:

దయచేసి ఆ పని చేయకండి, ఆ అబ్బాయితోనూ చేయించకండి. థాయ్‌లాండ్‌లో గైడు పని ఆ దేశస్థులకే కేటాయించారు. విదేశీయులకి వర్క్ పర్మిట్ కూడా ఇవ్వరు. లైసెన్స్ ఉన్న గైడు డ్యూటీలో కార్డు మెడలో వేసుకోవాలి. డబ్బు తీసుకుని చూపిస్తుండగా పట్టుబడితే పోయేది ఆ పిల్లవాడి చదువు, వీసా. మీకు మిగిలేది కొన్ని వందల బాత్‌లు. ఊరికే స్నేహితుడిలా తోడు వెళ్తే వేరే సంగతి.

నొంతబురి నుంచి, 9 ఏళ్ళు:

టూర్ సంగతి అందరూ చెప్పారు. అంతకంటే ముఖ్యమైనది ఎవరూ అడగలేదు. అమ్మానాన్నలు నీ కాండోలోనే దిగుతున్నారా? అయితే టీఎం 30 వేయించు. విదేశీయులు ఎవరింట్లో దిగితే ఆ ఇంటి ఓనరు 24 గంటల్లో ఇమిగ్రేషన్‌కి తెలపాలి. 1979 ఇమిగ్రేషన్ చట్టం, 38వ సెక్షన్. హోటల్లో దిగితే వాళ్ళే వేసేస్తారు. మన ఇంట్లో అయితే ఓనరు వేయాలి.

మా అమ్మానాన్నలు వచ్చినప్పుడు నాకిది తెలియదు. ఇంకో నెల ఉంటామంటే గడువు పొడిగించుకోవడానికి ఇమిగ్రేషన్‌లో ఎక్స్‌టెన్షన్‌కి వెళ్ళాం, మనిషికి 1,900 బాత్. రెండు గంటలు క్యూలో ఉన్నాక కౌంటర్లో టీఎం 30 రసీదు అడిగారు. లేదు. ఓనరుకి ఫోన్ చేస్తే, నా ఇంటి పుస్తకం (ఇంటి రిజిస్ట్రేషన్) కాపీ ఎవరికీ ఇవ్వను, మీ అద్దె ఒప్పందంలో నీ పేరొక్కటే ఉంది, వాళ్ళెవరో నాకు తెలియదు అన్నాడు. మూడేళ్ళుగా ఒక్క నెల కూడా ఆలస్యం చేయకుండా అద్దె కట్టాను. మర్నాడు మా ఆఫీసులో థాయ్ కొలీగ్‌ని వెంటబెట్టుకుని ఆయనింటికి వెళ్ళాను. గుమ్మంలో నిలబెట్టే మాట్లాడాడు. ఆ అమ్మాయి ఎంతో మర్యాదగా నచ్చజెప్పగా సాయంత్రానికి సంతకం పెట్టాడు, జరిమానా మాత్రం నేనే కట్టాలన్నాడు. కట్టాను. రెండు రోజులు సెలవు పోయింది. కౌంటర్ ముందు అమ్మ పాస్‌పోర్టు గుండెకి హత్తుకుని, మనల్ని పంపించేస్తారా నాన్నా అని అడగడం ఇప్పటికీ మర్చిపోలేను.

రామా 9 నుంచి:

తొమ్మిదేళ్ళలో మా ఇంటికి ఆరుసార్లు చుట్టాలొచ్చారు. ఎవరూ టీఎం 30 అడగలేదు. కొత్తవాళ్ళని భయపెట్టకండి అన్నా.

నొంతబురి నుంచి:

అడగలేదు కాబట్టి అవసరం లేదనుకోవద్దు తమ్ముడూ. నీ చుట్టాలు ఎక్స్‌టెన్షన్‌కి వెళ్ళలేదు, అందుకే అడగలేదు. ఓనరుతో ఇప్పుడే మాట్లాడుకుంటే ఒక్క మెసేజ్‌తో అయిపోయే పని. ఇంకొకటి, 2025 మే 1 నుంచి విమానమెక్కే ముందు డిజిటల్ అరైవల్ కార్డు కూడా నింపాలి. వచ్చే రోజుకి మూడు రోజుల ముందు నుంచి నింపొచ్చు. అది పూర్తిగా ఉచితం. ఫీజు అడిగిందంటే అది దొంగ సైటే.

ఆన్ నుట్ నుంచి:

అందరికీ చేతులెత్తి దణ్ణం. ఓనరమ్మకి మెసేజ్ పెట్టాను. పాస్‌పోర్టు కాపీలు పంపితే వచ్చిన రోజే ఆన్‌లైన్‌లో వేస్తానంది. టూర్ ప్రైవేటుదే తీసుకున్నాను. ప్యాలెస్, వాట్ ఫో రెండే. టికెట్లు కలిపి, షాపులు లేకుండా అని రాయించుకున్నాను. రామకియెన్ తెలిసిన గైడు కావాలంటే ఒక పెద్దాయనని ఇస్తామన్నారు. ఇంటి దగ్గర 7:15కి ఎక్కుతాం. అమ్మ చీరలోనే వస్తుంది, నాన్న పంచె. లోపలికి రానిస్తారా? భోజనం సంగతి కూడా, ఇద్దరూ శాకాహారులు.

సిలోమ్ నుంచి:

చీరకి ఏ ఇబ్బందీ లేదు, జాకెట్టుకి చేతులుండాలి. పంచె కాళ్ళ దాకా ఉంటుంది కాబట్టి దానికీ ఇబ్బంది లేదు, పైన చొక్కా వేసుకోమను. నువ్వు నిక్కరు వేసుకుని వెళ్ళావనుకో, నిన్నే ఆపేస్తారు. చెప్పులు సులువుగా విప్పుకునేవి వేయించు, మేజోళ్ళు కూడా తీసుకెళ్ళు. పదింటికల్లా గచ్చు కాలిపోతుంది. నాన్నగారికి సంచిలో రెండు అరటిపళ్ళు, గ్లూకోజ్ బిస్కెట్లు ఉండాలి, గుడి లోపల తినకూడదు, బయటికొచ్చాక.

భోజనానికి వీధి బండి దగ్గర కూరగాయలవి అని చెప్పినా చేపల సాస్ వేసేస్తారు. పసుపు జెండా మీద ఎర్ర అక్షరాలతో ‘జే’ అని కనిపిస్తే అక్కడ తినొచ్చు, వెల్లుల్లి కూడా వేయరు. లేదంటే టూర్ అయ్యాక పహురాత్ తీసుకెళ్ళు, ప్యాలెస్‌కి దగ్గరే, మన దేశం హోటళ్ళుంటాయి. అక్కడ కరివేపాకు కనిపిస్తే నాకూ ఒక కట్ట తీసుకో బాబూ, మా సందులో పదిరోజుల నుంచి దొరకట్లేదు.