ఊళ్ళకి ఊళ్ళు పోయినా మయన్మార్ మిలిటరీ 2024లో ఎలా నిలబడింది?

పాతపేపరు:
మయన్మార్ వార్తలు అప్పుడొకటి అప్పుడొకటి చదవడమే తప్ప వరసగా ఎప్పుడూ ఫాలో అవ్వలేదు. మొన్న ఖాళీగా ఉండి 2024 సంవత్సరం మొత్తం ఒకచోట పెట్టుకుని చూస్తే తల తిరిగింది. జనవరి మొదట్లోనే చైనా బోర్డర్ పక్కన లౌక్కాయ్ అనే ఊరు మిలిటరీ చేతిలోంచి తిరుగుబాటు దళాలకి పోయింది, రెండు వేల పైచిలుకు సైనికులు లొంగిపోయారు, వాళ్ళలో ఆరుగురు బ్రిగేడియర్ జనరల్స్. ఆగస్టులో లాషియో పోయింది. డిసెంబర్లో పడమటి తీరంలోని రఖైన్ రాష్ట్రంలో ఆన్ అనే ఊరు పోయింది, అక్కడ వెస్టర్న్ కమాండ్ ఉండేదట. ఇన్ని దెబ్బలు తిన్నాక కూడా, 2021లో అధికారం లాక్కున్న మిలిటరీ అధిపతి మిన్ ఆంగ్ లైంగ్ సీటు కదల్లేదు సరికదా జూలైలో ఆయనే యాక్టింగ్ ప్రెసిడెంట్ కూడా అయ్యాడు. ఇదెలా? తెలిసినవాళ్ళు కాస్త చెప్పండి.

రాత్రిబండి:
బ్రో నువ్వు పోయిన ఊళ్ళు లెక్కపెడుతున్నావ్, మిగిలినవి ఏంటో చూడు. పెద్ద నగరాలు యాంగోన్, మాండలే, రాజధాని నేపిడా, మూడూ వాళ్ళ చేతిలోనే ఉన్నాయి. పోయిందంతా ఎక్కువగా బోర్డర్ల చుట్టూ ఉన్న కొండలు, రఖైన్ తీరం. అలాగని లాషియోని తక్కువ చెయ్యట్లేదు, అది నార్త్ ఈస్టర్న్ కమాండ్ హెడ్‌క్వార్టర్స్, దేశం మొత్తం మీద ఇలాంటి రీజినల్ కమాండ్‌లు 14 ఉంటే ఒక్కటి కూడా ఎప్పుడూ శత్రువు చేతికి పోలేదు, అలాంటిది అయిదు నెలల్లో రెండు పోయాయి. మామూలుగా అయితే ఆ పరువు నష్టానికే పైవాళ్ళు దిగిపోవాలి. కానీ లౌక్కాయ్‌లో లొంగిపోయిన ఆ ఆరుగురిలో ముగ్గురికి తర్వాత మరణశిక్ష వేశారని వార్తలొచ్చాయి, అంటే కింద ఆఫీసర్లకి మెసేజ్ క్లియర్‌గా వెళ్ళిపోయింది, చచ్చినా లొంగకండి అని.

ఇంకోటి, విమానాలు. ఊరు పోతుంది, తర్వాత ఆ ఊరి మీదే బాంబులు పడతాయి. ఊరు గెలిచినవాళ్ళకి తుపాకులు ఉన్నాయి, డ్రోన్లు కూడా ఉన్నాయి, జెట్‌ని ఆపే సామాను మాత్రం లేదు. అందుకని గెలిచాక కూడా అక్కడ బడి, ఆస్పత్రి, బజారు మామూలుగా నడవవు.

కొండచిలువ:
రాత్రిబండి గారూ, ఒక చిన్న సవరణ. పోయినవన్నీ ఒకే టీమ్‌కి పోలేదు. ఒక్కో జాతికి ఒక్కో సాయుధ దళం ఉంది: లాషియోని కోకాంగ్ జాతి దళం, మోగోక్ కెంపుల గనుల్ని తాంగ్ జాతి దళం, రఖైన్‌ని అక్కడి అరకాన్ ఆర్మీ పట్టుకున్నాయి. అరకాన్ ఆర్మీ సంవత్సరం చివరికి రఖైన్‌లో 17 టౌన్‌షిప్‌లకి 14 పట్టేసింది, మిగిలినవి సిత్వే, చ్యాక్‌ప్యూ, మానాంగ్. వీళ్ళెవరూ నేపిడా మీదకి పోదాం అని బయల్దేరినవాళ్ళు కాదు, ఎవరి నేల వాళ్ళకి కావాలి. మిలిటరీ బతికిపోయింది సగం అందుకే.

థాయ్ బోర్డర్ మీదున్న మ్యావడీ ఊరు చూడండి. ఏప్రిల్లో కారెన్ జాతి దళం వాళ్ళు పట్టేశారు, ఓ రెండొందలమంది సైనికులు పారిపోయి థాయ్‌లాండ్ వంతెన కింద దాక్కున్నారు, అవతల గట్టు మీద జనం నిలబడి చూస్తున్నారు. తీరా చూస్తే రెండు వారాల్లోపే కథ తిరగబడింది, మధ్యలో ఇంకో కారెన్ గ్రూపు నాయకుడు సా చిట్ తూ మనుషులు మిలిటరీ వైపు దూరారు, మిలిటరీ జెండా మళ్ళీ ఎగిరింది.

మూడోవీధి:
అందరూ మ్యాపులే మాట్లాడుతున్నారు. నాకైతే 2024 అంటే ఫిబ్రవరి 10. ఆ రోజే నిర్బంధ సైనిక సేవ చట్టం అమల్లోకి తెచ్చారు. చట్టం 2010 నాటిది, అన్నేళ్ళూ అటకమీద పడుంది. మగవాళ్ళకి 18 నుంచి 35, ఆడవాళ్ళకి 18 నుంచి 27, రెండేళ్ళు సేవ, ఎమర్జెన్సీ అయితే అయిదేళ్ళ దాకా. ప్రకటన వచ్చిన కొద్ది రోజులకే కుర్రాళ్ళు యాంగోన్‌లో థాయ్ ఎంబసీ ముందు లైన్లు కట్టేశారు, రోజుకి 400 టోకెన్లే ఇస్తామంటే రాత్రే వచ్చి పడుకోవడం. మాండలే పాస్‌పోర్ట్ ఆఫీస్ దగ్గర తొక్కిసలాటలో ఇద్దరు ఆడవాళ్ళు చనిపోయారు. మేలో మగవాళ్ళకి విదేశాల్లో పనికి పర్మిట్లు ఆపేశారు. ఇక వార్డుల్లో చీటీలు తీసి పేర్లు పిలవడం, డబ్బున్నవాడు లంచమిచ్చి తప్పించుకోవడం, ఇంకొకడికి డబ్బిచ్చి తన బదులు పంపడం. పౌరసత్వమే ఇవ్వని రఖైన్ ముస్లింలు రోహింగ్యాలని కూడా పట్టుకెళ్ళి సైన్యంలో వేశారు, ఇంతకంటే ఘోరం ఇంకేం ఉంటుంది. మిన్ ఆంగ్ లైంగ్ సీటు ఎలా నిలబడిందని మీరు అడిగారు కదా, ఈ పిల్లల్ని ముందు నిలబెట్టి.

పాతపేపరు:
ఓహ్, ఈ చీటీల సంగతి నాకు అస్సలు తెలీదు. మరి చైనా? లౌక్కాయ్, లాషియో రెండూ వాళ్ళ గుమ్మంలోనే కదా, చూస్తూ ఊరుకున్నారా?

రాత్రిబండి:
మొదట చూస్తూనే ఊరుకున్నారు అనే నా అనుమానం, లౌక్కాయ్‌లో చైనా జనాన్ని దోచుకుంటున్న ఆన్‌లైన్ మోసాల ముఠాలు పోవాలని వాళ్ళకీ ఉంది. జనవరిలో కున్‌మింగ్‌లో కూర్చోబెట్టి కాల్పుల విరమణ చేయించారు, అది జూన్ చివర్లో పోయింది. లాషియో పడ్డాక మాత్రం కంగారు మొదలైంది, అదే జోరులో మాండలే దాకా వస్తే తమ పైప్‌లైన్లు, వ్యాపారం ఏమవుతాయో అని. బోర్డర్ గేట్లు మూసేశారు, కోకాంగ్ వాళ్ళకి కరెంటు, పెట్రోలు, మందులు ఆపేశారు. ఆగస్టులో చైనా విదేశాంగ మంత్రి వాంగ్ యీ నేపిడా వచ్చి వెళ్ళాడు, నవంబర్లో మిన్ ఆంగ్ లైంగ్ కున్‌మింగ్ వెళ్ళాడు, 2021లో అధికారం పట్టాక చైనా గడప తొక్కడం అదే మొదటిసారి. అదే నెలలో ఐసీసీ (అంతర్జాతీయ క్రిమినల్ కోర్టు) ప్రాసిక్యూటర్ రోహింగ్యాల కేసులో ఆయన మీద వారెంట్ కావాలని కోర్టుని అడిగాడు, ఆ పక్క అది, ఈ పక్క ఇది.

పాతపేపరు:
అయితే లాషియో ఇప్పుడు ఎవరిది?

కొండచిలువ:
మిలిటరీదే. 2025 ఏప్రిల్లో కోకాంగ్ వాళ్ళు ఖాళీ చేసి అప్పజెప్పేశారు, చైనా మనుషులు దగ్గరుండి చూసుకున్నారు. నెలరోజుల పైన కొట్టుకుని, వందలమంది చచ్చి పట్టుకున్న ఊరు, తిరిగిచ్చేటప్పుడు ఒక్క తూటా పేలలేదు.