మాయలు రెండని తేలితే ఏకరూప కవలలు కానట్టేనా?

వెన్నెల:
నాకిప్పుడు 13వ వారం. నిన్నటి స్కాన్‌లో కవలలని తెలిసింది. మాయలు రెండూ విడివిడిగా ఉన్నాయి కాబట్టి పిల్లలు ఏకరూప కవలలు కారని అక్కడే తేల్చేశారు. మా ఆడపడుచు కవలలకూ రెండు మాయలే ఉన్నాయట, అయినా తర్వాత చేయించిన డీఎన్‌ఏ పరీక్షలో ఇద్దరూ ఒకే అండం నుంచి వచ్చినవారని తేలిందట. ఎవరి మాట నమ్మాలి?

పరిశీలకుడు:
స్కాన్ చేసినవారి మాటే నమ్మండి. రెండు అండాలు విడిగా ఫలదీకరణ చెందితే ఒక్కోదానికీ దాని మాయ ఏర్పడుతుంది. రెండు మాయలున్న కవలల్లో అత్యధికులు ఇలా వచ్చినవారే. అరుదైన ఉదాహరణలు చెప్పి గర్భిణిని అయోమయంలో పడేయడం భావ్యం కాదు.

నీలిసిరా:
పరిశీలకుడు గారూ, ‘అత్యధికులు’ అన్న మాట మీ ముగింపులో ‘అందరూ’గా మారిపోయింది, పేచీ అక్కడే ఉంది. ఒకే అండం ఫలదీకరణ తర్వాత దాదాపు 3 రోజుల్లోపు రెండుగా విడిపోతే, మాయగా మారాల్సిన కణాలు ఇంకా వేరుపడి ఉండవు కనుక, రెండు పిండాలూ దేనికది సొంత మాయను, సొంత ఉమ్మనీటి సంచిని ఏర్పరచుకుంటాయి. ఏకరూప కవలల్లో సుమారు మూడోవంతు ఇలాంటివారే. 4 నుంచి 8 రోజుల మధ్య విడిపోతే మాయ ఒకటే, సంచులు రెండు. ఆ తర్వాతైతే సంచి కూడా ఒకటే. 13 రోజులు దాటితే శరీరాలు పూర్తిగా విడిపోక అతుక్కుని పుడతారు. (తల్లి గర్భంలో ఈ విభజనను కళ్లారా చూసినవారు లేరు, పొరల అమరికను బట్టి వెనక్కి వేసుకున్న లెక్క ఇది.) వెన్నెల గారి ఆడపడుచు చెప్పినది ముమ్మాటికీ సాధ్యమే.

పరిశీలకుడు:
ఒప్పుకుంటాను. అయితే మాయ ఒకటే ఉంటే ఏకరూపమని చెప్పవచ్చు కదా? మా బంధువుల ఇంట్లో పుట్టినవారిలో ఒకరు ఆడ, ఒకరు మగ. కాన్పులో మాత్రం మాయ ఒక్కటే కనిపించిందన్నారు. ఇది దేని కిందికి వస్తుంది?

నీలిసిరా:
పక్కపక్కనే పెరిగిన రెండు మాయలు అంచుల దగ్గర కలిసిపోయి ఒకే ముద్దలా కనిపించడం మామూలే. అందుకే మాయలను లెక్కపెట్టడం కంటే, రెండు సంచుల మధ్య గోడ మాయను తాకే చోటును చూడటం ముఖ్యం. అక్కడ మాయ కణజాలం ముక్కోణపు మొనలా పొరల మధ్యకు చొచ్చుకొచ్చి ఉంటే దాన్ని లాంబ్డా గుర్తు అంటారు, అంటే మాయలు రెండు. పలుచని పొర నిటారుగా వచ్చి ఆనితే టీ గుర్తు, అంటే మాయ ఒకటే. వారాలు గడిచేకొద్దీ లాంబ్డా మాసిపోతుంది కనుక 14 వారాల లోపే చూడాలి.

వెన్నెల:
ఏకరూపమో కాదో ఇప్పుడే తెలియకపోతే నష్టమేమైనా ఉందా?

నీలిసిరా:
ఇప్పటికి లేదు. పిల్లల పోలిక కంటే మాయల సంఖ్యే ఈ నెలల్లో అసలు విషయం. ఒకే మాయను పంచుకున్నవారి రక్తనాళాలు అందులో కలిసి ఉంటాయి. వారిలో నూటికి 10 నుంచి 15 గర్భాల్లో రక్తం ఒకవైపే ఎక్కువగా పారి, ఇచ్చే బిడ్డ చుట్టూ ఉమ్మనీరు ఇంకిపోతుంది, పుచ్చుకునే బిడ్డ చుట్టూ పొంగుతుంది. దాన్ని ముందే పసిగట్టేందుకు 16వ వారం నుంచి రెండు వారాలకోసారి స్కాన్ చేస్తారు, ముదిరితే గర్భంలోకి సన్నని గొట్టం పంపి ఆ నాళాలను లేజర్‌తో మూసేస్తారు. మాయలు వేరైతే ఈ ముప్పు దాదాపు ఉండదు, స్కాన్లు నాలుగు వారాలకోసారి సరిపోతాయి. మీ రిపోర్టులో ‘డైకోరియానిక్’ (అంటే మాయలు రెండు) అని రాశారో లేదో ఒకసారి చూడండి.

పరిశీలకుడు:
డీఎన్‌ఏ పరీక్ష మాత్రం ఉత్త కుతూహలమేనని నేనింకా అంటాను.

నీలిసిరా:
ఇద్దరిలో ఒకరికి రేపు మూత్రపిండం అవసరమైతే అనరు.

వెన్నెల:
రిపోర్టు తీసి చూశాను. డైకోరియానిక్ అనే ఉంది, కింద లాంబ్డా అని చేత్తో రాశారు.