"ఊరూ పేరూ లేని" బానిసలా?

అమెరికాలోని వర్జీనియా విశ్వవిద్యాలయంలో ఉన్న బానిసల స్మారకం గురించి ఒక తెలుగు వ్యాసానికి "ఊరూ పేరూ లేని బానిసలకు నివాళి" అనే శీర్షిక చదివాను. నుడికారం బాగానే ఉంది, సందర్భానికి అతికిందా? మన వాడుకలో ఊరూ పేరూ లేనివాడంటే లెక్కలోకి రానివాడనే కదా.

— అతకలేదండీ. 2020లో పూర్తయిన ఆ స్మారకపు గుండ్రటి గ్రానైటు గోడే చెబుతుంది. 1817 నుంచి 1865 దాకా అక్కడ కట్టడం పనీ, వంటా, ఊడ్చే పనీ చేసిన సుమారు 4,000 మందికి తలా ఒక గాటు పెట్టారు. పేరు దొరికితే గాటు పైన పేరు. అలా దొరికినవి ఆరు వందల లోపే. మరికొందరికి "తల్లి" లాంటి వరసో, చేసిన పనో చెక్కారు. మిగతావి ఉత్త గాట్లు. పేరు లేక కాదు, మనకు అందక.

— అయితే "పేరు చెరిపేసిన" అందామా?

— చెరపాలంటే ముందు రాసి ఉండాలిగా! అమెరికా జనాభా లెక్కల్లో 1850లోనూ 1860లోనూ బానిసల పట్టీలు వేరుగా ఉండేవి. యజమాని పేరుండేది, దాని కింద వీళ్ల వయసు, ఆడో మగో, ఒంటి రంగు. అంతే. "పేరు నమోదు కాని" అంటే తప్పు ఎవరిదీ కానట్టుంటుంది. "పేరు రాయకుండా వదిలేసిన" అనండి, కర్త ఉన్నాడని తెలుస్తుంది. అన్నట్టు, ఆ విశ్వవిద్యాలయాన్ని దాని స్థాపకుడు "జెఫర్సన్ కట్టాడు" అని రాసేవాళ్లకు "కట్టించాడు" ఎందుకు గుర్తురాదో!

— ఇసబెల్లా గిబ్బన్స్ సంగతీ చెప్పాలి. అక్కడి ఆచార్యుల ఇళ్లలో బానిసగా ఉండి, విముక్తి తర్వాత విశ్వవిద్యాలయం ఉన్న షార్లట్స్‌విల్ ఊళ్లోనే నల్లజాతి పిల్లలకు పంతులమ్మ అయింది. గోడ బయటివైపు రాతిమీద ఆమె కళ్లే చెక్కారు. గీతలు సన్నం, వెలుగు వాటంగా పడితేనే స్పష్టంగా కనిపిస్తాయి. ఆమెకు ఊరూ ఉంది, పేరూ ఉంది.

— "పేరు రాయకుండా వదిలేసిన" అంటే శీర్షికకు పొడవవుతుంది. "బానిస కూలీలు" అంటే సరిపోదా?

— కూలీ అంటే కూలి పుచ్చుకునేవాడు. విశ్వవిద్యాలయం చాలామందిని యజమానుల దగ్గర అద్దెకు తెచ్చుకుంది, ఆ డబ్బు వెళ్లింది యజమానికి. వెట్టి అనీ అనొద్దు. మన దొరలు వెట్టివాళ్లను పీడించారు గానీ వేలంపాటలో అమ్మలేదు. "బానిసలు" ఒక్కటే ఉంచండి, పేరు సంగతి వ్యాసం మొదటి పేరాలో చెప్పండి.