డేవిడ్ సూషే ప్వారో నడక, పొట్ట, మీసం: పరిషత్తు నాటికకి ఎలా పనికొస్తాయి?

పాలకొల్లు_నాటిక:

అందరికీ నమస్కారమండి. దసరా వెళ్లాక పరిషత్తుకి గంట నాటిక ఒకటి సిద్ధమవుతోంది. ప్రధాన పాత్ర అరవై దాటిన సంస్థానం దివాను. బొద్దు మనిషి, అతి శుభ్రం, చురుకైన బుర్ర, పొట్టి అడుగులతో గబగబా నడుస్తాడు. వేసే కుర్రాడికి ముప్పై నాలుగేళ్లు, వెదురుబద్దలా ఉంటాడు. బ్రిటిష్ టీవీలో డేవిడ్ సూషే వేసిన ప్వారోని, అదే అగాథా క్రిస్టీ కథల్లోని బెల్జియం డిటెక్టివుని, చూడమని దర్శకుడుగారు చెప్పారు. చూసి మీసం, పొట్ట, నడక మూడూ దింపేశాడు గానీ స్టేజీ మీద మనిషి కనపడ్డంలేదు, వేషమే కనపడుతోంది. అసలు సూషే ఆ పాత్రని ఎక్కణ్ణించి మొదలెట్టాడు? నడక, గొంతు ఎలా సాధన చెయ్యాలి? మన ఉక్కలో పొట్టా మీసమూ నిలవాలంటే ఏం వాడాలి? తెలిసినవాళ్లు కాస్త వివరంగా చెప్పండి.

గోదారి_రంగస్థలం:

ముందు ఆయన వెనకున్న సాధన సంగతి తెలియాలండి. సూషే 1946లో లండన్‌లో పుట్టాడు. తండ్రి స్త్రీల వైద్యుడు, తల్లి నటి, తల్లి తండ్రేమో పేరున్న పత్రికా ఫొటోగ్రాఫరు. లండన్‌లోని నటనా శిక్షణ సంస్థ లామ్డాలో నటన నేర్చుకుని 1969లో చెస్టర్ ఊళ్లో రెపర్టరీ కంపెనీలో చేరాడు. రెపర్టరీ అంటే రాత్రి ఒక నాటకం ఆడుతూ పగలు ఇంకోటి రిహార్సల్ చేసుకునే పద్ధతి. 1973లో రాయల్ షేక్‌స్పియర్ కంపెనీకి వెళ్లాడు. షేక్‌స్పియర్ పాత్రల్లో 1981లో షైలాక్, 1985లో ఇయాగో వేశాడు. టీవీలో 1984లో మనోవిశ్లేషకుడు సిగ్మండ్ ఫ్రాయిడ్‌గా వేశాడు. మరుసటేడు ఒక టీవీ సినిమాలో పీటర్ ఉస్తినోవ్ ప్వారో అయితే ఈయన ఇన్‌స్పెక్టర్ జాప్. తన నటనలో బహుశా అదే అన్నిటికంటే అధ్వాన్నమని ఆయనే చెప్పుకున్నాడు. 1989 జనవరి 8న ప్వారోగా మొదటిసారి కనపడేనాటికి వయసు నలభై రెండు, వెనక దాదాపు ఇరవయ్యేళ్ల రంగస్థలం. ఆ నడకని రెండు వారాల్లో దింపేద్దామంటే దిగదండి.

ఇక మొదలెట్టింది మీసంతో కాదు, పుస్తకాలతో. అగాథా క్రిస్టీ రాసిన ప్వారో కథలన్నీ ముందేసుకుని, ఆ మనిషి గురించి కనపడ్డ ప్రతి వివరమూ రాసుకున్నాడు. ఆ జాబితా 93 అంశాలకి వచ్చింది. పానీయంలో ఎన్ని చక్కెర బిళ్లలు వేసుకుంటాడు, ఎలాంటి బూట్లు తొడుగుతాడు, కరచాలనం చేస్తూ కూడా ఎలా వంగుతాడు, అన్నీ రచయిత్రి మాటల్లోంచి ఏరినవే.

మీ దివానుకీ అదే చెయ్యండి. స్క్రిప్టు పక్కన పెట్టుకుని పేజీకి మూడు గళ్లు గియ్యండి. దివాను తన గురించి తాను అన్నది ఒక గడి, మిగతా పాత్రలు ఆయన గురించి అన్నది ఒక గడి, రంగసూచనల్లో ఉన్నది ఒక గడి. ప్రతిదానికీ పేజీ నంబరు వెయ్యాలి. స్క్రిప్టులో దొరకని అలవాటు ఏదైనా నటుడు తగిలించుకుని ఉంటే, పొడుం పట్టడమో కండువా సర్దడమో, తీసెయ్యండి. అవి నటుడికి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక వచ్చినవి. ‘వేషం కనపడుతోంది’ అన్నారే, తొంభై పాళ్లు అక్కణ్ణించే వస్తుంది. స్క్రిప్టులో పది వివరాలే దొరికితే పదే చాలు.

వశిష్ఠ_ఒడ్డు:

నడక గురించి నేను చెబుతానండి. క్రిస్టీ రాసిన ప్వారో బిగుతైన తళతళలాడే బూట్లలో పాదాలు ఇరికించుకుని పొట్టి అడుగులు వేస్తాడు. అంటే ఆ నడకకి కారణం పాదం దగ్గరుంది. సూషే దానికి పాతతరం బ్రిటిష్ నటుడు లారెన్స్ ఒలివియర్ చెప్పిన ఒక పాత చిట్కా వాడాడు. పిరుదుల మధ్య నాణెం బిగించి, అది జారకుండా నడవడం సాధన చేశాడు.

మనవాడికి రూపాయి బిళ్ల చాలు. మెత్తటి లాగూ మీద, రోజూ పావుగంట. మొదటి నాలుగైదు రోజులు బాగా నెమ్మదిగా నడవాలి, అడుగు తన పాదం పొడవు దాటకూడదు, మోకాళ్లు దాదాపు రాసుకోవాలి. వేగం తరవాత. ఇది సాధనకే సుమా, ప్రదర్శనలో బిళ్ల వద్దు.

ఎక్కడ చెడుతుందంటే, తుంటి బిగించగానే ఆ కదలిక భుజాల్లోకి పాకుతుంది. భుజాలు ఊగితే దివాను పోయి ఎగతాళి మిగులుతుంది. అందుకని రెండు చేతుల్లో నిండా నీళ్లున్న ఇత్తడి పళ్లెం పట్టుకుని నడిపించండి. నీళ్లు తొణకడం మానాక పళ్లెం తీసి చేతికర్ర ఇవ్వండి. మీ పాత్రకి కారణం కూడా వెతకాలి. అర అంగుళం పొట్టి కిర్రుచెప్పులు వేస్తే పాదం తనంతట తనే పొట్టి అడుగు వేస్తుంది. కుచ్చెళ్లు చీలమండ దాకా దించి కట్టిన పట్టుపంచె కూడా సాయపడుతుంది. చెక్కబల్లల స్టేజీ అయితే కిర్రు మరీ ఎక్కువ వినపడి పక్కవాళ్ల డైలాగు మింగేస్తుంది, అడుగున పలచటి రబ్బరు అతికించండి.

గొంతుకి సూషే బెల్జియం, ఫ్రెంచి రేడియోలు విన్నాడు. తన సహజమైన ఛాతీ గొంతుని తలలోకి ఎక్కించాడు. మనవాళ్లు ఇది చెయ్యబోయి స్వరం పెంచేస్తారు, గొంతు నొక్కుకుపోయి వెనక వరసకి అందదు. స్వరం పెంచక్కర్లేదు. నోరు మూసి ‘మ్’ అంటూ ముక్కు దూలం మీద వేలు పెడితే అదురు తెలియాలి. ఆ అదురు పోకుండా నోరు తెరిచి డైలాగు చెప్పాలి.

కోనసీమ_గ్రీన్‌రూమ్:

పొట్ట సంగతి. సూషే మెత్తలు పొట్ట దగ్గరే ఆపలేదండి, ఛాతీకీ వీపుకీ కూడా పెట్టాడు. సన్నటివాడికి పొట్ట ఒక్కటే కడితే దిండు కట్టినట్టే ఉంటుంది, మెడ దగ్గర దొరికిపోతాడు.

బూరుగుదూది మాత్రం వద్దు. చెమట తగిలితే ఉండలు కట్టి కిందికి దిగుతుంది. అర అంగుళం స్పాంజి షీటు తెచ్చి నాలుగు పొరలు కత్తిరించండి. ఒంటికి తగిలేది చిన్నది, పైకి వచ్చేకొద్దీ పెద్దది, అంచులు ఏటవాలుగా కొయ్యాలి. అప్పుడు పైపొర అంచు కింది అంచుల్ని కప్పేస్తుంది, మెట్లు కనపడవు. బిగుతైన నూలు బనియనుకి పెద్ద కుట్లతో కుట్టండి. నిండుదనం బొడ్డుకి కింద ఉండాలి. స్పాంజి తేలిక కాబట్టి నడిస్తే ఎగురుతుంది, అందుకని అడుగున అరకిలో పెసలు గుడ్డసంచీలో పోసి కుట్టండి. నడుం తనంతట తనే వెనక్కి వాలుతుంది. ఆట అయ్యాక పెసలు తీసెయ్యాలి, మన తేమకి ముక్కిపోతాయి. రిహార్సల్ మొదటి రోజు నుంచీ ఇది తొడిగే చెయ్యాలి. ప్రదర్శన రోజు మాత్రం రంగప్రవేశానికి పది నిమిషాల ముందే.

మీసం విడి వెంట్రుకలతో అక్కడికక్కడ అతికించేది కాకుండా, నెట్టు మీద కట్టినది తీసుకోండి. పైపెదవి గొరిగి, చల్లటి నీళ్లతో కడిగి, సర్జికల్ స్పిరిట్‌తో జిడ్డు తుడిచాకే మీసం అతికించే గమ్ము రాయాలి. పెదవి మీద మేకప్ రాసి ఆపైన గమ్ము రాస్తే రెండో రంగానికే లేస్తుంది. పలచగా రాసి, వేలికి అంటుకునేంత జిగురు వచ్చేదాకా ఆగి, పొడిగుడ్డతో నొక్కండి. మూలలు నోటి చివరకి చేరకూడదు, మాట్లాడితే మొదట ఊడేది అక్కడే. ముక్కు కింద రెండు ముక్కలుగా చీలిస్తే పెదవి కదలికకి ఆగుతుంది. ముందురోజు మోచేతి లోపల కాస్త గమ్ము రాసి దద్దురు వస్తుందేమో చూడండి.

పాలకొల్లు_నాటిక:

చాలా మేలు చేశారండి. ఇంకొక్కటి. దివాను కుర్చీ తుడుచుకునే ఘట్టంలో జనం పగలబడి నవ్వుతున్నారు, తరవాతి గంభీరమైన సంభాషణ పోతోంది. అది తీసెయ్యమంటారా?

గోదారి_రంగస్థలం:

తీయొద్దండి. సూషేకీ సరిగ్గా ఇదే వచ్చింది. బల్ల మీద కూర్చోబోయే ముందు ప్వారో రుమాలుతో తుడుస్తాడని ఆయన, హాస్యాస్పదంగా ఉంటుందని దర్శకుడు పట్టుబట్టారు. నిర్మాత బ్రయన్ ఈస్ట్‌మన్ సూషే వైపు నిలిచాడు. క్రిస్టీ కూతురు రోజలిండ్ హిక్స్ కూడా ముందే చెప్పింది: జనం ప్వారోతో కలిసి చిరునవ్వు నవ్వవచ్చు గానీ ప్వారోని చూసి నవ్వకూడదు.

తుడిచేటప్పుడు మీవాడి చూపు ఎటుందో చూడండి. జనం వైపో ఎదుటి పాత్ర వైపో ఉంటే పగలబడతారు. చూపు కుర్చీ మీదే ఉండాలి. రెండే తుడుపులు, రుమాలు మడత తిప్పి జేబులో పెట్టి కూర్చోవాలి. ఆ తుడుపు మీదుగానే డైలాగు మొదలెట్టించండి, నవ్వుకి ఖాళీ దొరకదు.

వశిష్ఠ_ఒడ్డు:

కుర్రాడికి ప్వారో ఒక్కటే చూపించకండి. అదే నటుడు 2001లో బీబీసీకి మెల్‌మాట్ అనే మోసకారి ఫైనాన్షియరు పాత్ర వేశాడు. 2007లో పత్రికల యజమాని రాబర్ట్ మాక్స్‌వెల్ వేసి అంతర్జాతీయ ఎమ్మీ అనే టీవీ అవార్డు అందుకున్నాడు. అదే మనిషి అక్కడ గది నిండా ఎలా ఆక్రమిస్తాడో చూస్తే, ప్వారోలో ఎంత కుదించుకున్నాడో తెలుస్తుంది.

మీ దివాను చివర్లో మంచాన పడతాడా? 70 భాగాల ప్వారోలో 2013 నవంబరులో వచ్చిన చివరిదానికి సూషే బరువు తగ్గి, పొట్ట మెత్తలు తీసేశాడు. దాన్ని ఆ విడతలో అన్నిటికంటే ముందే తీశారు. స్టేజీ మీద మనకి ఆ వెసులుబాటు లేదు కాబట్టి పొట్ట బనియనుకి బొత్తాలు వద్దు, ఒక భుజం మీదా ఒక పక్కనా వెల్క్రో పట్టీ కుట్టించండి. దీపాలు ఆర్పిన నిమిషంలో ఒక్కడే తీసేసుకోగలగాలి. వెల్క్రో చప్పుడు మైకుకి అందుతుంది గనక అదే సమయానికి హార్మోనియం వాయించమని చెప్పి ఉంచండి.