ఒకే ఏనుగు రెండుసార్లా, రెండు ఏనుగులా? మా మేనకోడలికి ఏమని చెప్పాలి?

ప్రశ్న: సత్యనారాయణపురం బోర్డులు

అందరికీ నమస్కారం. నేను విజయవాడలో 31 ఏళ్లుగా బోర్డులు రాస్తున్నాను. కొట్ల పేర్లు, లారీల వెనక నంబర్లు, బడి గోడల మీద సూక్తులు, ఎన్నికలప్పుడు గోడ రాతలు, అన్నీ చేశాను. ఇప్పుడు ఫ్లెక్సు డిజైన్లే ఎక్కువ, కుంచె పట్టేది నెలకి నాలుగు రోజులు. చదువు ఇంటర్ దగ్గర ఆగింది. పోయిన నెల నుంచి ఒక సంగతి మనసులో తిరుగుతూనే ఉంది. తెలిసినవాళ్లు ఉంటారని ఇక్కడ పెడుతున్నాను.

మా చెల్లెలి కూతురు అమెరికాలో పుట్టి పెరిగింది. 19 ఏళ్లు. కాలేజీలో చదివేది కూడా బొమ్మల చదువే. సెలవులకి వచ్చి మా ఇంట్లో మూడు వారాలు ఉంది. తిరుగు విమానం చెన్నై నుంచి. రెండు రోజులు ముందే పినాకిని రైల్లో తీసుకెళ్లి, మర్నాడు పొద్దున ఎగ్మూరు మ్యూజియం చూపించాను. మన అమరావతి బౌద్ధ స్తూపం రాళ్లు అక్కడ చాలా ఉన్నాయి. వాటిలో గుండ్రటి ఫలకం ఒకటి ఉంది, నలగిరి ఏనుగు కథ. ఎడమవైపు మదమెక్కిన ఏనుగు వీధిలో పడి మనుషుల్ని తొక్కేస్తోంది. జనం హడలిపోతున్నారు, పైనుంచి ఆడవాళ్లు తొంగి చూస్తున్నారు. కుడివైపు అదే ఏనుగు బుద్ధుడి ముందు మోకాళ్ల మీద వాలిపోయింది. అరచేతి మందం రాతిలో ఒక వీధి వీధంతా పట్టించాడు ఆ శిల్పి. నేను అక్కడ పావుగంట కదల్లేదు.

ఆ పిల్ల అడిగింది: "మావయ్యా, రెండు ఏనుగులు ఎందుకు చెక్కారు?"

రెండు కాదమ్మా, ఒకటే అన్నాను.

"ఒకటే అయితే ఒకే టైములో రెండుచోట్ల ఎలా ఉంటుంది?"

నిజం చెప్పాలంటే నాకు ఆ ప్రశ్న జన్మలో రాలేదు. చిన్నప్పుడు గుడి మండపంలో రామాయణం బొమ్మలు చూసేవాళ్లం. ఒకే గోడ మీద రాముడు ఐదుచోట్ల ఉండేవాడు, ఎవరూ ఐదుగురు రాముళ్లు అనుకోలేదు. అలాగని ఆ పిల్లకి చూపు లేదనుకోవద్దు. మా అమ్మ చిక్కుడుకాయలు వలుస్తుంటే ఎదురుగా కూర్చుని పది నిమిషాల్లో ఆ చేతులు గీసింది. నరాలతో సహా మా అమ్మ చేతులే. నాకు అంత చెయ్యి లేదు.

ఆ రాత్రి లాడ్జిలో తను ఫోనులో ఒక బొమ్మ చూపించింది. తెల్ల అంచు, మధ్యలో నల్ల చదరం. అంతే. రష్యా చిత్రకారుడు మలేవిచ్ వేసిందట, 1915లో. నల్ల ఎనామెల్ పలక మీద ఎలా పరుచుకుంటుందో, ఎప్పుడు పగుళ్లిస్తుందో నాకు తెలుసు. ఆ నలుపు పగుళ్లిచ్చింది కూడా. అది తప్ప నాకేమీ కనపడలేదు. అరగంట చెప్పింది పాపం, కళ్లు మెరుస్తుండగా. నా మనసు కదల్లేదు. అది తను కనిపెట్టింది, మాట్లాడకుండా ఫోను లోపల పెట్టేసింది. ఆ మొహం నాకు ఇప్పటికీ గుర్తొస్తోంది.

ఇంకొకటి. మా అమ్మ రోజూ తెల్లారకముందే వాకిట్లో ముగ్గేస్తుంది. ఎనిమిదింటికల్లా స్కూలు ఆటోలు తొక్కేస్తాయి. ఈ పిల్ల మొదటి రోజు ఏడ్చినంత పని చేసింది, "అమ్మమ్మా, ఇంత కష్టపడి వేశావు, పెయింటుతో వెయ్యొచ్చుగా, ఉండిపోతుంది" అని. మా అమ్మ ఆశ్చర్యపోయింది. "ఉండిపోతే రేపు పొద్దున నేనేం వెయ్యను?" అంది.

నా ప్రశ్న ఇది. బొమ్మని చూడడం అనేది ఎక్కడ పుట్టామో దాన్ని బట్టి నేర్చుకునేదేనా? అలాగైతే ఉండవల్లి గుహల్లో మసక చీకట్లో పడుకుని ఉన్న అనంతశయనుడి ముందు ఆ పిల్ల, ఎవరూ ఒక్క ముక్క చెప్పకుండానే, తల దగ్గర నుంచి పాదాల దాకా మూడుసార్లు మెల్లగా నడిచి, చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని ఎందుకు నిలబడిపోయింది?

జవాబు: బ్రాడీపేట డాక్టరు

బాబాయ్ గారూ, మీ నల్ల చదరం గురించి నేను చెప్పగలను. మిగతావి పెద్దవాళ్లు చెప్తారు.

నేను రష్యాలో వైద్యం చదివాను. మూడో ఏడు హాస్టల్ వదిలి ఒక ముసలావిడ ఇంట్లో గది తీసుకున్నాను. ఆవిడ ముందుగదిలో గుమ్మానికి ఎదురు మూలన, పైకప్పుకి కాస్త కింద, మేరీమాత పటం ఉండేది. రెండు గోడలూ కలిసే చోట అడ్డంగా చిన్న చెక్క, దాని మీద పటం, పైన కుట్టుపని చేసిన తువ్వాలు, ముందు చిన్న దీపం. ఎవరు లోపలికొచ్చినా ముందు ఆ మూలకి తల వంచి, తర్వాతే ఇంటావిడని పలకరించేవాళ్లు. దాన్ని వాళ్లు "క్రాస్నీ ఊగల్" అంటారు. క్రాస్నీ అంటే ఇప్పుడు ఎరుపు, పాత రోజుల్లో అందమైనది అని. అందమైన మూల. నాకు మా అమ్మమ్మ ఈశాన్యం మూల గుర్తొచ్చింది.

మీ మేనకోడలు చూపించిన బొమ్మని మాస్కోలో ట్రెత్యకోవ్ గ్యాలరీలో రెండుసార్లు చూశాను. మొదటిసారి మీలాగే బయటికొచ్చేశాను. తర్వాత ఒక పాత ఫోటో చూశాను, 1915 డిసెంబరులో పెట్రోగ్రాడ్‌లో దాన్ని మొదట పెట్టిన ప్రదర్శనది. మిగతా బొమ్మలన్నీ గోడలకున్నాయి. నల్ల చదరం మాత్రం గోడలు కలిసే మూలన, పైకప్పు దగ్గర వేలాడుతోంది. మా ఇంటావిడ మేరీమాత ఉన్న చోట!

ఆ గదిలోకి అడుగుపెట్టిన ఏ రష్యా మనిషికైనా అలవాటుగా కళ్లు ఆ మూలకే వెళ్లి ఉంటాయి. అక్కడ దేవుడు లేడు, నల్లటి చదరం ఉంది. మన పూజగదిలో పటాలన్నీ తీసేసి ఒక నల్ల పలక పెట్టి దీపం ముందుంచితే మీ అమ్మగారికి గుండె ఎలా జారుతుందో ఊహించండి. కోపమో, భయమో, ఏదో ఒకటి తప్పక కలుగుతుంది. ఫోనులో మీకు కనపడింది బొమ్మ. మూల కనపడలేదు.

రెండోసారి వెళ్లినప్పుడు చాలాసేపు నిలబడ్డాను. ఇష్టపడ్డానా అంటే చెప్పలేను, కానీ తేలిగ్గా తీసుకోలేకపోయాను.

జవాబు: కొండపల్లి కోడలు

నాది చిన్న మాట. మా అత్తగారి వైపు బొమ్మల పనివాళ్లు. తెల్ల పొణికి కర్ర తెచ్చి ఎండబెట్టి, కాళ్లూ చేతులూ తలా విడివిడిగా చెక్కి, చింతగింజల పిండీ రంపంపొట్టూ కలిపిన మక్కుతో అతికించి, ఆఖర్న రంగులేస్తారు. ఒకసారి బయటి దేశం ఆయన ఒకరు వచ్చి అంబారీ ఏనుగులు కావాలి, కానీ రంగులొద్దు, కర్ర కర్రలాగే ఉండాలి, అదే అందం అన్నారు. డబ్బు రంగు బొమ్మ కంటే ఎక్కువే ఇస్తానన్నారు.

మా మావగారు రెండు రోజులు ఆలోచించారు. "బట్టలు తొడగకుండా పిల్లని బడికి పంపమన్నట్టుంది" అన్నారు. చివరికి చేసిచ్చారు, ఇల్లు గడవాలి కదా. కానీ అతుకులు కనపడతాయని ఆ ఏనుగుల్ని మా ఇంట్లో అల్మరాలో పెట్టనివ్వలేదు. ఆయన అన్నది తప్పా, కొన్నాయన అన్నది తప్పా, నాకు ఇప్పటికీ తేలలేదు. టీచరుగారు ఎవరైనా ఉంటే చెప్పండి.

జవాబు: డ్రాయింగ్ టీచరు, గుంటూరు

అన్నగారూ, మీ ప్రశ్న నాలుగుసార్లు చదివాను. పాతికేళ్లు పిల్లలకి బొమ్మలు నేర్పాను, ఇంత సూటిగా నన్నెవరూ అడగలేదు.

ముందు ఏనుగు. "మన చూపు వేరు, పాశ్చాత్యుల చూపు వేరు" అని గీత గీసేస్తే తేలిక. కానీ ఇటలీలో ఫ్లోరెన్స్ ఊళ్లో బ్రాంకాచీ అనే చిన్న ప్రార్థన గది ఉంది. దాని గోడ మీద మసాచ్చో 1425 ప్రాంతంలో వేసిన చిత్రం ఉంది, పన్ను కట్టే కథ. అందులో ఏసు శిష్యుడు పీటరు మూడుసార్లు ఉంటాడు. మధ్యలో ఏసు మాట వింటూ, ఎడమ చివర చేప నోట్లోంచి నాణెం తీస్తూ, కుడివైపు ఆ నాణెం పన్ను వసూలుదారు చేతిలో పెడుతూ. మన నలగిరి లాగే! అంటే వాళ్లకీ ఆ చూపు ఉండేది. తర్వాత ఒక కిటికీలోంచి ఒక క్షణం చూస్తున్నట్టు బొమ్మ ఉండాలనే పద్ధతి బలపడింది, ఆపైన కెమెరా వచ్చింది. మీ మేనకోడలు ఆ కిటికీ దగ్గర పెరిగింది. మన పిల్లలూ ఇప్పుడు అక్కడే పెరుగుతున్నారు. నా క్లాసులో ఆరో తరగతి పిల్లలకి నలగిరి చూపిస్తే సగం మంది "రెండు ఏనుగులు టీచర్" అంటారు. గుంటూరు పిల్లలే.

చూపు ఊరిని బట్టే కాదు, కాలాన్ని బట్టీ మారుతుంది. దీనికి సాక్ష్యం మన అమరావతి రాయే. లండన్ బ్రిటిష్ మ్యూజియంలో రెండువైపులా చెక్కిన పలక ఒకటి ఉంది. ఒకవైపు బోధివృక్షం, కింద ఖాళీ ఆసనం, చుట్టూ మొక్కుతున్న జనం. బుద్ధుడి రూపం లేదు. చెక్కినవాళ్లకి ఆ ఖాళీలోనే ఆయన నిండుగా ఉన్నాడు. దాదాపు మూడు వందల ఏళ్ల తర్వాత అదే రాయిని తిప్పి, వెనకవైపు స్తూపం మొత్తాన్ని చెక్కారు. ఆ రోజులకి మనిషి రూపంలో బుద్ధుణ్ణి చెక్కడం కూడా వచ్చేసింది. అదే ఊరు, అదే కృష్ణ ఒడ్డు, అదే పలనాటి సున్నపురాయి. తాతల చూపు మనవలకి సరిపోలేదు.

ఇక్కడ నాకు బాధ కలిగించే సంగతి ఒకటి ఉంది, చెప్పకుండా ఉండలేను. ఆ పలకలు నడిచే మనిషి కోసం చెక్కినవి. స్తూపం కుడిచేతి వైపు ఉండేలా ప్రదక్షిణం చేస్తుంటే ఒక్కొక్క కథ ఎదురొచ్చేది. 1845లో వాల్టర్ ఇలియట్ అనే ఇంగ్లీషు దొర తవ్వించి మద్రాసు చేర్చాడు, 1859లో చాలా రాళ్లు ఓడెక్కి లండన్ వెళ్లాయి. సున్నపురాయిని పట్టుకుని "ఇలియట్ మార్బుల్స్" అని పేరు కూడా పెట్టారు. గ్రీకు పాలరాయితో పోలిస్తే తప్ప గౌరవం రాదనుకున్నారు కాబోలు. ఇప్పుడవి గోడకి ఆనుకుని నిలబడ్డాయి, మనం ఎదురుగా నిలబడి చూస్తున్నాం. నడక పోయింది. ఉండవల్లిలో మీ అమ్మాయి తల నుంచి పాదాల దాకా మూడుసార్లు నడిచిందన్నారు చూశారా, ఆ విష్ణువు ఉన్న చోటే ఉన్నాడు కాబట్టి, ఎలా చూడాలో ఆ రాయే ఆ పిల్లకి నేర్పింది. మీ చివరి ప్రశ్నకి నాకు తోచిన జవాబు అదే. డాక్టరుగారి మూల కూడా అలాంటిదే.

కొండపల్లి చెల్లెమ్మా, మీ మావగారిది తప్పు కాదు. గ్రీకుల పాలరాతి విగ్రహాలకి కూడా ఒకప్పుడు రంగులుండేవి. మట్టిలో పడి అవి రాలిపోయాయి, తవ్వి తీసినవాళ్లకి తెల్లగా దొరికాయి, తెలుపే అందమని యూరప్ నమ్మింది. ఎంత నమ్మిందంటే, 1930లలో బ్రిటిష్ మ్యూజియంలోనే గ్రీకుల పార్థెనాన్ గుడి శిల్పాలని ఇంకా తెల్లగా కనపడాలని గీకించారు. పైపొర పోయింది. మీ దగ్గర కొన్నాయన అబద్ధం చెప్పలేదు, ఆయన కంటికి అదే అందం. ఆ కన్ను ఎలా తయారైందో ఆయనకి తెలియకపోవచ్చు.

జర్మనీ తత్త్వవేత్త కాంట్ 1790లో ఒక మాటన్నాడు: అందంగా ఉంది అని నేనన్నప్పుడు అందరూ ఒప్పుకోవాలని కోరుతున్నట్టే అని. మన పాతకాలపు కాశ్మీర పండితుడు అభినవగుప్తుడు ఇంకోవైపు నుంచి వచ్చాడు. కావ్యాలతో అలవాటు పడీ పడీ మనసనే అద్దం తేటపడినవాడే సహృదయుడు అన్నాడు. నేను రెండోదానివైపే మొగ్గుతాను, ఎందుకంటే అందులో ఆశ ఉంది. అద్దం తుడుచుకోవచ్చు. మన దుగ్గిరాల పక్కన తుమ్మపూడిలో ఉండి సంజీవదేవ్ గారు (1914–1999) చేసింది అదే. కులూ లోయకి వెళ్లి రష్యా చిత్రకారుడు రోరిక్ దగ్గర గడిపి వచ్చి, మళ్లీ పల్లెటూళ్లో కూర్చుని మేఘాల గురించీ బొమ్మల గురించీ తెలుగులో రాశారు.

అన్నగారూ, నల్ల చదరం మీకు నచ్చి తీరాలని లేదు. ఆ మూల గురించి మాత్రం మీ అమ్మాయితో మాట్లాడండి.

జవాబు: సత్యనారాయణపురం బోర్డులు

అందరికీ దణ్ణాలు. మూడు రోజుల తర్వాత రాస్తున్నాను, ఎందుకంటే కొన్ని పనులు చేసి మరీ రాద్దామనుకున్నాను.

నలగిరి ఫోటో నా దగ్గరుంది. ఆరడుగుల ఫ్లెక్సు మీద ప్రింటు తీసి మా అమ్మకి చూపించాను. కళ్లజోడు పెట్టుకుని చాలాసేపు చూసింది. "పాపం, దానికి అంత కోపం ఎవరు తెప్పించారురా?" అంది. కుడివైపు వేలు పెట్టి, "పోన్లే, తగ్గింది" అంది. ఎన్ని ఏనుగులని అడగలేదు.

ఆ రాత్రి మేనకోడలికి ఫోను చేశాను. డాక్టరుగారు చెప్పిన ఇంటావిడ మూల, తువ్వాలు, దీపం అన్నీ చెప్పాను. ఆ ఫోటో తను క్లాసులో చూసిందట, మూలన పెట్టారని చదివిందట. కానీ మూల అంటే ఏంటో ఇప్పుడు తెలిసిందంది. అమ్మమ్మ పూజగది మూడు వారాలు చూసి వెళ్లింది కదా. తర్వాత టీచరుగారి పీటరు సంగతి చెప్పాను. కాసేపు మాట లేదు. "మావయ్యా, ఆ బొమ్మ మాకు పరీక్షకి వచ్చింది" అంది. అందులో గీతలన్నీ ఏ బిందువు దగ్గర కలుస్తాయో స్కేలు పెట్టి గీయించారట. పీటర్లని ఎప్పుడూ లెక్కపెట్టలేదట. గంటంపావు మాట్లాడుకున్నాం, వాళ్లకి పొద్దు, నాకు అర్ధరాత్రి.

నల్ల చదరం నాకింకా అందంగా లేదు. కానీ ఆ రోజు లాడ్జిలో తను చెప్తుంటే నేనెక్కడ నిలబడి విన్నానో తెలిసింది, అది తనకి చెప్పాను.

టీచరుగారూ, ఈ ఆదివారం అమ్మని తీసుకుని అమరావతి వద్దామనుకుంటున్నాను. స్తూపం దిబ్బ చుట్టూ నడవాలని ఆవిడ కోరిక. తూర్పు వైపు నుంచి మొదలుపెట్టాలా? అమ్మకి మోకాళ్ల నొప్పులు, మధ్యలో కూర్చోడానికి నీడ ఉంటుందా? మీకు వీలైతే గుంటూరు బస్టాండులో కలుసుకుందాం, చిక్కుడుకాయ కూర తెస్తానంటోంది.