అప్‌డేట్: ఇంట్లోనే ముప్పు ఉండే సినిమాలు అడిగాను కదా, చూశాం

దెయ్యాలు, రక్తం లేకుండా, భయం ఇంట్లో మనిషి నుంచే పుట్టే సినిమాలు చెప్పమని పోయిన వారం అడిగాను. మీరు చెప్పిన మూడింట్లో రెండు చూశాం.

ముందు 1944 నాటి 'గ్యాస్‌లైట్'. బ్లాక్ అండ్ వైట్ అనగానే అమ్మ మూతి ముడిచింది. కాసేపటికి కత్తిపీట పక్కకు నెట్టేసింది. వస్తువులు తనే దాచి, నువ్వే పోగొట్టావంటూ భార్యకే ఆమె మీద అనుమానం కలిగిస్తాడు మొగుడు. వాడు రహస్యంగా అటక మీద దీపం వెలిగించినప్పుడల్లా కింద ఆమె గదిలో గ్యాస్ దీపం మసకబారుతుంది. మాది విజయనగరంలో గంటస్తంభం దగ్గర పాత పెంకుటిల్లు. సరిగ్గా అప్పుడే పక్కింటివాళ్లు మోటారు వేశారు, మా బల్బు డిమ్మైంది. అమ్మ అటక వైపు చూసిన చూపు చూడాలి! ఇంగ్రిడ్ బెర్గ్‌మన్‌కి దీనికే ఆస్కార్ వచ్చిందంటే, ఇవ్వకపోతే తప్పు కదా అంది.

రెండోది 1992లో వచ్చిన 'ద హ్యాండ్ దట్ రాక్స్ ద క్రేడిల్'. పగతో ఆయాగా చేరిన ఆవిడ, ఆస్తమా ఉన్న ఇల్లాలి ఇన్‌హేలర్లు ఖాళీ చేసి పెడుతుంది. వదిన వచ్చే నెల డ్యూటీలో చేరాలి, బాబుకి ఆయా కోసం వెతుకుతున్నాం. ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని చూడటం నా బుద్ధి తక్కువ. "అత్తయ్యగారే చూసుకుంటారులే" అని తేల్చేసింది. అమ్మ రెండు రోజులుగా నా వైపు గుర్రుగా చూస్తోంది.

'ఆర్ఫన్' మాత్రం వదిలేశాం. దత్తత తెచ్చుకున్న పిల్లే ముప్పు అనే కథ. మా చిన్నాన్నవాళ్లూ పాపను దత్తత తీసుకున్నారు, ఆదివారాలు ఇక్కడే ఉంటారు. మనసొప్పలేదు.