లాగిన్ అవుతోంది, గెలాక్సీలోకి మాత్రం వెళ్లట్లేదు (ఎస్‌డబ్ల్యూజీ సొంత సర్వర్)

కాంటీనా_బల్ల: స్టార్ వార్స్ గెలాక్సీస్ కోసం ఎస్‌డబ్ల్యూజీఈము (ఆ ఆన్‌లైన్ గేమ్ సర్వర్‌ని అభిమానులు మళ్లీ రాస్తున్న ప్రాజెక్ట్) వాళ్ల సర్వర్ కోడ్ కోర్3ని వర్చువల్‌బాక్స్‌లో, డెబియన్ మీద బిల్డ్ చేశాను. లాగిన్ అవుతోంది, గెలాక్సీ పేరు కనిపిస్తోంది, ఎంచుకుంటే అక్కడే ఆగిపోతోంది. ఇంకోటి, ఎక్స్‌పీ (అనుభవం పాయింట్లు) కోసం రాత్రంతా డాన్స్ మాక్రో (తనంతట తాను నడిచే కమాండ్ల వరస) వదిలేస్తే అది బాట్ వాడటం (మనిషి బదులు ప్రోగ్రామ్ ఆడటం) కిందకి వస్తుందా?

పోర్ట్44463: నూటికి తొంభై సార్లు తప్పు డేటాబేస్‌లోనే ఉంటుంది. మైఎస్‌క్యూఎల్‌లో గెలాక్సీ టేబుల్ తెరిచి అడ్రస్ కాలమ్ చూడండి. 127.0.0.1 ఉంటే, లాగిన్ సర్వర్ మీ క్లయింట్‌కి "జోన్ సర్వర్ (గేమ్ ప్రపంచాన్ని నడిపేది) నీ మెషీన్‌లోనే ఉంది, అక్కడికి వెళ్లు" అని చెప్తున్నట్టే. అక్కడేమో ఏమీ ఉండదు. దాని బదులు వర్చువల్ మెషీన్ ఐపీ రాసి సర్వర్ రీస్టార్ట్ చేయండి. వర్చువల్‌బాక్స్ నెట్‌వర్క్ సెట్టింగ్ నాట్ (NAT)లో ఉంటే బ్రిడ్జ్‌డ్‌కి (వర్చువల్ మెషీన్‌కి రౌటర్ నుంచి సొంత ఐపీ వచ్చేలా) మార్చండి, ఆ ఐపీని రౌటర్‌లో రిజర్వ్ చేయండి, లేకపోతే కొన్నాళ్లకి మళ్లీ ఇదే గొడవ. ఫైర్‌వాల్‌లో 44453 (లాగిన్), 44462 (పింగ్), 44463 (జోన్) తెరవాలి. మూడూ యూడీపీ. చాలామంది టీసీపీ తెరిచి కూర్చుంటారు!

లువా_లక్ష్మి: దీని తర్వాత మీకు తగిలే రాయి: క్యారెక్టర్ తయారవ్వకపోవడం. మెమరీ మిగులుతుందని కాన్ఫిగ్ లువా ఫైల్‌లో గ్రహాలన్నీ తీసేసి టాటూయిన్ ఒక్కటే ఉంచుతారు. ట్యుటోరియల్ జోన్ కూడా ఉంచాలి, కొత్త క్యారెక్టర్ పుట్టేది అక్కడే. టీఆర్‌ఈ ఫైళ్లు (గేమ్ బొమ్మలు, శబ్దాలు ఉండేవి) మాత్రం మీ అసలు డిస్కుల నుంచే తీసుకోండి, ఇక్కడ ఎవరినీ అడక్కండి. గేమ్ 2011 డిసెంబర్ 15న మూతబడినా బొమ్మల మీద హక్కులు మూతబడలేదు.

ఇష్తార్_వద్దు: మాక్రో సంగతి. స్టార్ట్‌డాన్స్, పాజ్ 20, ఫ్లరిష్ 1, చివర్లో తన పేరునే మళ్లీ పిలిచే లైను: ఇదంతా గేమ్ ఇచ్చిన సౌకర్యమే. చివరి లైను మరిస్తే ఒక్కసారి ఆడి ఆగుతుంది. పాజ్ మరిస్తే కమాండ్లు గుట్టపడి క్యారెక్టర్ మాట వినదు. బయటి ప్రోగ్రామ్ కీలు నొక్కితే, స్క్రీన్ చదివితే అది బాట్. ఈవ్ ఆన్‌లైన్ అనే ఇంకో గేమ్‌లో రూల్ ఇంకా గట్టి: ఒకే కీని చాలా క్లయింట్లకి ఒకేసారి పంపడం కూడా 2015 జనవరి 1 నుంచి నిషేధమే. ఒమేగా (డబ్బు కట్టిన) అకౌంట్లు పది తెరిచి చేత్తో ఒక్కోటి నడపండి, అభ్యంతరం లేదు. వేరేవాళ్ల సర్వర్‌లో ఆడేటప్పుడు వాళ్ల రూల్స్ చదవండి, ఒక్కోచోట ఒక్కోలా ఉంటాయి.

లువా_లక్ష్మి: సొంత సర్వర్‌లో రాత్రంతా డాన్స్ ఎందుకండీ? ప్లేయర్ మేనేజర్ లువా ఫైల్‌లో గ్లోబల్ ఎక్స్‌పీ మల్టిప్లయర్ 1 ఉంటుంది, 5 చేసి రీస్టార్ట్ చేయండి.

కాంటీనా_బల్ల: అడ్రస్ 127.0.0.1 గానే ఉంది. మార్చాక లోపలికి వెళ్లింది.